పదకొండు సెకన్లకు ఇటూ అటూ

రెబెకా ఈ వారం మళ్ళీ వరదయ్య స్టూడియో మెట్లెక్కుతోంది. ఇంతకుముందు రెండుసార్లు ఒంటరిగా వచ్చి వట్టి చేతులతో తిరిగి వెళ్ళింది. ఈసారి వెంట మునెయ్య ఉన్నాడు.

పాత సంగతి ఒకసారి గుర్తు చేసుకుందాం. ఇరవై ఆరేళ్ళ కిందట, జూన్ నెలలో, బంగారుపాళ్యం దగ్గర ఒక మామిడి గుజ్జు ఫ్యాక్టరీ వాళ్ళు ఉన్నట్టుండి గేటు మూసేశారు. తోతాపురి కాయలతో వచ్చిన ట్రాక్టర్లు మూడు రోజులు రోడ్డు పొడుగునా నిలిచిపోయాయి. కాయ మెత్తబడి రసం కారింది. మూడో రోజు మధ్యాహ్నం రైతులు గేటు విరగ్గొట్టారు. కాసేపటికి ఆఫీసు గది అంటుకుంది. లోపలున్న వాచ్‌మన్ దేవరాజులు చనిపోయాడు. కేబుల్ టీవీకి వీడియోలు తీసే వరదయ్య కెమెరాలో ఒక ముక్క పడింది. సరిగ్గా పదకొండు సెకన్లు. అందులో మునెయ్య మండుతున్న గోనెపట్టను రెండు చేతులా ఎత్తి పట్టుకొని, నోరంతా తెరిచి, మనవైపు తిరిగి ఉంటాడు. ఆ ముక్క ఇంటింటి టీవీలోనూ ఆడింది, తర్వాత కోర్టులోనూ ఆడింది. మునెయ్య ఏడేళ్ళు జైల్లో ఉండి వచ్చాడు. కాయ ధర పడిపోయిన ప్రతి ఏడూ ఏదో ఒక ఛానల్ ఇప్పటికీ దాన్ని బయటికి తీస్తుంది.

తిరుపతిలో ఒక కాలేజీలో ఎడిటింగ్ పాఠాలు చెప్పే రెబెకా ఆ పదకొండు సెకన్లను సాగదీసి నలభై నిమిషాల సినిమా చేసింది. అందులో కథ లేదు, వ్యాఖ్యానం లేదు. సెకనుకు ఇరవై ఐదు బొమ్మల చొప్పున రెండువందల డెబ్భై ఐదు బొమ్మలు ఒక్కొక్కటే మెల్లగా మారుతుంటాయి. వెనక ఆ రోజు అక్కడున్న ముప్ఫై ఒక్కమంది గొంతులు వినిపిస్తాయి. అందరూ కళ్ళారా చూశామనే అన్నారు. గేటుకు అవతలి పక్క నిలబడినవాళ్ళు కూడా కెమెరా చూసిన వైపు నుంచే చూసినట్టు చెప్పారు. మునెయ్య ఎర్రచొక్కా వేసుకున్నాడని అందరిదీ ఒకటే మాట. మునెయ్య భార్య తాయమ్మదీ అదే మాట. మునెయ్యకు ఎర్రచొక్కా ఏనాడూ లేదు. కాపీ మీద కాపీ తీసి రంగు చెడిన టేపులో మంట ఎరుపంతా తెల్లచొక్కాకు పట్టింది.

శనివారం తిరుపతిలో ఆ సినిమా ప్రదర్శన. ఈ రోజు గురువారం. అసలు టేపు ఎప్పుడో పోయిందని రెండుసార్లు చెప్పిన వరదయ్య, నిన్న తనే ఫోన్ చేశాడు. "టేపు ఉండాది. మునెయ్యను తోడుకొని రా. నువ్వొక్కదానివే వస్తే చూపించను" అన్నాడు.

*

చిత్తూరు పాత బస్టాండు వెనక సందులో, మేడ మీద ఉంది స్టూడియో. ముందు గదిలో పాస్‌పోర్టు ఫోటోలకు నీలం తెర, ఒక లామినేషన్ మిషను. వెనక గదిలో పాత టీవీ, దాని కింద వీసీఆర్. పదకొండు గంటల ఎండ మెట్ల దాకా వచ్చి ఆగింది.

మునెయ్య గుమ్మం దగ్గరే నిలబడ్డాడు. డెబ్భై ఒక్క ఏళ్ళ మనిషి. రెండు అరచేతులూ కాలిన మచ్చలతో నున్నగా మెరుస్తుంటాయి, వేళ్ళు పూర్తిగా ముడుచుకోవు. తను పెట్టిన నిప్పే తన చేతులు కాల్చిందని ఊళ్ళో అనేవాళ్ళు. మునెయ్య ఏనాడూ కాదనలేదు.

"కూర్చో మునెయ్యా" అన్నాడు వరదయ్య.

"నిలబడే ఉంటా. నన్నెందుకు పిలిచినావు నువ్వు? తొందరగా సెప్పు. సిద్ధమ్మ చేన్లో నీళ్ళు కట్టేది ఉండాది."

సిద్ధమ్మ దేవరాజులు భార్య. జైలు నుంచి వచ్చిన వారం రోజులకే మునెయ్య ఆమె ఇంటికి పోయి కాళ్ళ మీద పడ్డాడు. మూడేళ్ళు ఆమె పలకలేదు. మూడేళ్ళూ అతను ఆమె చేను దున్నాడు, నీళ్ళకు మడవ కట్టాడు, కట్టెలు కొట్టి వాకిట్లో పెట్టి వచ్చాడు. నాలుగో ఏడు ఒకనాడు ఆమె చెంబుతో నీళ్ళు తెచ్చిచ్చి, "తాగన్నా" అన్నది. అప్పటినుంచి గురువారాలు ఆమె చేనికే, మునెయ్య మరే పనీ పెట్టుకోడు.

వరదయ్య బీరువాలోంచి ఒక క్యాసెట్ తీశాడు. మళ్ళీ దాని మీద రికార్డు కాకుండా పక్కనున్న ప్లాస్టిక్ పలుకు విరిచేసి ఉంది. దాన్ని వీసీఆర్‌లో పెట్టకుండా చేత్తో పట్టుకొని నిలబడ్డాడు.

"పెట్టండి సార్" అన్నది రెబెకా.

"పెడతానమ్మా. పెట్టినాక నువ్వు నన్ను ఏమన్నా పడతాను. ముందు ఆయనను కూర్చోమను."

మునెయ్య కూర్చున్నాడు.

టీవీలో గీతలు కదిలాయి. తర్వాత బొమ్మ నిలిచింది. దాంతోపాటు శబ్దం వచ్చింది. రెబెకా ఉలిక్కిపడింది. రెండేళ్ళుగా ఆ ముక్కను రోజూ చూస్తున్న మనిషి, దాని శబ్దం వినడం ఇదే మొదటిసారి. టీవీల్లో ఎప్పుడూ దాని మీద వార్తలు చదివేవాడి గొంతే ఉండేది.

విరిగిన గేటు. జనం కేకలు. గేటు లోపల ఎవరో టైర్లు అంటించారు. నల్లటి పొగ ఒకవైపుకు వాలుతోంది. ఆ వైపున ఆఫీసు గది, దాని వసారాలో తలుపుకు సగం అడ్డంగా నిలువెత్తు పేర్చిన ఖాళీ గోనెసంచులు. గాలి పెరిగింది. సంచుల కొసన ఒక చిన్న మంట కనిపించింది. అది రెండైంది, నాలుగైంది. క్షణంలో కుప్పంతా లేచింది. జనం వెనక్కి పరిగెత్తారు. కెమెరా కూడా రెండడుగులు వెనక్కి వేసింది.

అందరూ ఇటు పరిగెత్తుతుంటే ఒక్కడు అటు పోతున్నాడు. తెల్లచొక్కా. వీపు మాత్రమే కనిపిస్తోంది. పరిగెత్తుతూనే అరుస్తున్నాడు. కేకల మధ్య ఆ మాట రెండోసారికి గానీ తెలియలేదు.

"లోపల మనిషుండాడు. రండ్రా. లోపల మనిషుండాడు."

ఆ తెల్లచొక్కా మంటలోకి చేతులు పెట్టి ఒక గోనెపట్ట లాగాడు. దాన్ని ఎత్తి ఇటు తిరిగాడు.

రెబెకాకు తెలుసు, అది మొదటి బొమ్మ. ఆమె గోడ మీద రెండేళ్ళుగా గుచ్చి ఉన్న రెండువందల డెబ్భై ఐదింట్లో మొదటిది. ఇక్కణ్ణుంచి ప్రతిదీ ఆమెకు కంఠస్థం. చేతులు పైకి లేస్తాయి. తల ఎడమకు తిరుగుతుంది. నూట నలభయ్యో బొమ్మ దగ్గర నోరు పూర్తిగా తెరుచుకుంటుంది. తన సినిమాలో ఆ బొమ్మను ఆమె రెండు నిమిషాలు ఆపింది. చూసిన ప్రతివాడూ అది కోపం అన్నాడు. ఆమె కూడా అదే అనుకుంది.

ఇప్పుడు ఆ నోటికి గొంతు ఉంది. "లోపల మనిషుండాడు" అంటోంది అది.

గోనెపట్ట దూరంగా పడింది. పదకొండు సెకన్లు అయిపోయాయి. టేపు ఆగలేదు. మునెయ్య మళ్ళీ వెనక్కి పోయి రెండో పట్ట లాగాడు, మూడోది లాగాడు. తలుపు బయటపడింది. దానికి బయటనుంచి గొళ్ళెం వేసి ఉంది. భుజం మీది తువ్వాలు చేతికి చుట్టుకొని గొళ్ళెం తీశాడు. తలుపు తెరుచుకోగానే నల్లటి పొగ అతని మీద పడింది. తల వంచుకొని అందులోకి పోయాడు. ఆ తర్వాత కెమెరా నేలను చూపించింది, ఎవరివో కాళ్ళు చూపించింది, ఆగిపోయింది.

గదిలో వీసీఆర్ తిరుగుతున్న చప్పుడు మిగిలింది.

రెబెకా వరదయ్య ఎదుట నిలబడింది.

"మీరు కోర్టులో సాక్షి. బోనులో నిలబడి, నేను తీసింది ఇదే, ఇంతే అని చెప్పినారు."

"చెప్పినాను."

"ఏడేళ్ళు సార్. ఒక మనిషివి ఏడేళ్ళు."

"నేను అబద్ధం తీయలేదమ్మా" అన్నాడు వరదయ్య. "సాయంత్రానికి కేబులోళ్ళకు టేపు ఇయ్యాల. అంతా వద్దు, మొకం బాగా పడిన ముక్క ఒకటి ఇయ్యమన్నారు. మొకం పడింది ఆడొక్కచోటే. మిగతాదంతా వీపు. మాట వాళ్ళే చదువుకొంటారని, బొమ్మ మటుకు కోసి ఇచ్చినాను. రెండోరోజు పోలీసోళ్ళు ఆ ముక్కే తీసుకున్నారు. అప్పటికే ఊరంతా చూసేసింది. ఇంగా ఉండాది అని చెప్తే, నిన్ననే ఎందుకు చెప్పలేదంటారు. నన్ను గూడా లోపలేస్తారని భయపడినాను. ఒక దినం భయపడినాను. రెండో దినం భయపడినాను. తీర్పొచ్చినాక ఇంగ ఏ మొకం పెట్టుకొని చెప్పేది."

"ఇప్పుడు చెప్తున్నారు గదా. ఈ మొకంతోనే గదా."

వరదయ్య ఆమె వైపు తిరిగాడు. అప్పటిదాకా నేల చూస్తున్న మనిషి ఇప్పుడు సూటిగా చూశాడు.

"నువ్వు చేసింది ఏంది పాపా? నేను పదకొండు సెకన్లు చేసినాను. నువ్వు దాన్నే నలభై నిమిషాలు చేసినావు. మొకం ఆ మొకమే. నోరు ఆ నోరే. తెర ఒకటి పెద్దదైంది. ఈ రెండేండ్లలో, ఈయన నిజంగా అంటించినాడా లేదా అని నువ్వు ఒక్కనాడన్నా అడిగినావా?"

మనుషుల జ్ఞాపకాల్లోకి ఒక బొమ్మ ఎట్లా దూరుతుందో చూపించడమే తన సినిమా అని రెబెకా అందరికీ చెప్పేది. ముప్ఫై ఒక్కమందిని అడిగింది. ఎర్రచొక్కా రహస్యం కనిపెట్టింది. చొక్కా రంగే అబద్ధమైనప్పుడు మిగతాది ఎంత నిజమో అన్న ప్రశ్న మాత్రం ఆమె బుర్రకు తట్టలేదు. మునెయ్య నిప్పు పెట్టాడన్నది ఆమెకూ తెలిసిన సంగతే. ఎనిమిదేళ్ళ పిల్లగా, బంగారుపాళ్యంలో, పక్కింటి టీవీలో కళ్ళారా చూసింది.

"లేదు" అన్నది చివరికి. "అడగలేదు."

ఆమె మునెయ్య వైపు తిరిగి, కుర్చీ పక్కన మోకాళ్ళ మీద కూర్చుంది. "పెదనాయనా, చూసినారు గదా. మీరు కాదు. మీరు ఆయనను కాపాడబోయినారు."

మునెయ్య టీవీ వంకే చూస్తున్నాడు. అందులో ఇప్పుడేమీ లేదు.

"దీన్ని నీ కంప్యూటర్లో తయారు చేసినావా?" అన్నాడు.

"అయ్యో, లేదు."

"ఇప్పుడు సచ్చిపోయినోళ్ళను గూడా ఫోన్లో మాట్లాడిస్తా ఉండారంట గదా. తాయమ్మ సెప్పింది."

"మునెయ్యా, ఆ టేపు ఇరవై ఆరేండ్లుగా నా బీరువాలో ఉండాది" అన్నాడు వరదయ్య. "ఈ పాప చెయ్యి దాని మీద పడలేదు."

"నువ్వు మాట్లాడొద్దు." మునెయ్య గొంతు పెంచలేదు. కానీ వరదయ్య వెనక్కి జరిగాడు. "నేనే అంటించినాను. అగ్గిపుల్ల గీసింది నాకు గ్యాపకం ఉండాది. జైల్లో పాదిరి వస్తే ఆయనకు సెప్పుకొన్నాను. సిద్ధమ్మకు సెప్పుకొన్నాను. నా పెండ్లానికి సెప్పుకొన్నాను. ఇంతమందికి సెప్పుకొన్నది అబద్ధమని నువ్వొచ్చి ఇప్పుడు సెప్తావా?"

"ఆ రోజు పొగలో పడిపోయినారు మీరు. మెలకువ వచ్చింది ఎప్పుడు?"

"రెండు దినాలకు. ఆసుపత్రిలో. ఏమీ గ్యాపకం లేదు అప్పటికి. ఒక పోలీసాయన టీవీ తెప్పించి ఇది సూపించినాడు. ఇది నువ్వే గదా అన్నాడు. నేనే అన్నాను. నేనే గదా మరి. దాన్ని రాసుకొన్నారు."

"అంతకు ముందు అగ్గిపుల్ల గుర్తుందా?"

మునెయ్య మళ్ళీ టీవీ వైపు చూశాడు.

"పెదనాయనా, ఒక్క మాట అడుగుతా. కళ్ళు మూసుకొని ఆ రోజు తలుచుకోండి. మీకు ఏం కనపడతాది?"

"ఎందుకు?"

"నా కోసరం."

మునెయ్య కళ్ళు మూసుకున్నాడు. మచ్చల చేతులు మోకాళ్ళ మీద తెరుచుకొని ఉన్నాయి. "మంట కనపడతాది. గోనెపట్ట ఎత్తి పట్టుకొనుండా. నోరు తెరుచుకొనుండా. చొక్కా..." అని ఆగాడు. "ఎర్రచొక్కా."

"మీ మొకం కనపడతా ఉండాదా?"

"ఊ. కనపడతాది."

"పెదనాయనా, చేసేటోడికి తన మొకం తనకు ఎట్ల కనపడతాది?"

కింద సందులో ఎవరో ఆటో తిప్పుకుంటున్నారు. ఆ చప్పుడు పూర్తిగా దూరమయ్యేదాకా మునెయ్య కళ్ళు తెరవలేదు. తెరిచాక తన చేతుల్ని చూసుకున్నాడు, మొదట ఒకదాన్ని, తర్వాత రెండోదాన్ని.

"ఇంగొకసారి పెట్టు" అన్నాడు. "బొమ్మ వద్దు. మాట మటుకు."

వరదయ్య టేపు వెనక్కి తిప్పి టీవీ మీద ఒక తువ్వాలు కప్పాడు. గదిలోకి మళ్ళీ ఆ కేకలు వచ్చాయి. నలభై అయిదేళ్ళ మునెయ్య అరుస్తున్నాడు. డెబ్భై ఒక్క ఏళ్ళ మునెయ్య వింటున్నాడు. మూడోసారి అరిచినప్పుడు ముసలాయన పెదవులు కూడా కదిలాయి.

"దగ్గినాడు" అన్నాడు మెల్లగా. "లోపల దగ్గినాడు దేవరాజులు. అది ఇన్నాను నేను. ట్రాక్టరు దిగి నీళ్ళకని గోడవారగా పోతా ఉంటే, లోపల ఒక దగ్గు ఇనపడింది. లోపల ఎవురూ లేరనుకొన్నాము అందరమూ. తలుపుకు బయట గొళ్ళెం పెట్టుండింది గదా." అతను రెబెకా వైపు తిరిగాడు. "ఈ మాట టీవీలో లేదు పాపా. టీవీలో యాడా లేదు. ఇది నాదే."

ఆ తర్వాత మునెయ్య ఏడ్చాడు. చప్పుడు లేకుండా, తల వంచుకోకుండా, మంచినీళ్ళు తాగుతున్నంత మామూలుగా ఏడ్చాడు. రెబెకా అతని చేయి పట్టుకుంది. ఆ చేతి నున్నదనం ఆమెకు మొదటిసారి తెలిసింది. శనివారం ఆ సినిమా తెర మీదికి పోదని ఆమె అప్పుడే అనుకుంది. ఎవరికీ చెప్పలేదు.

కాసేపటికి మునెయ్యే తేరుకున్నాడు. తువ్వాలుతో ముఖం తుడుచుకొని లేచాడు. "సిద్ధమ్మకు సెప్పాల. నీ మొగుణ్ణి సంపింది నేను కాదమ్మా అని ముందు ఆమెకు సెప్పాల. ఇన్నేండ్లు పాపిని అన్నా అని పిలిచినావు, పాపి కాదు అని సెప్పాల."

వరదయ్య వీసీఆర్‌లోంచి క్యాసెట్ తీస్తున్నవాడు అట్లాగే ఆగిపోయాడు.

"ఏంది సార్?" అన్నది రెబెకా.

"నిన్న ఫోన్ చేసింది నా అంతట నేను కాదమ్మా" అన్నాడు వరదయ్య. "నన్ను చెయ్యమన్నారు. ఈ టేపు నా తర్వాత చూసిన మనిషి ఇంగొకరు ఉండారు."

"ఎవరు?"

"గుండెకు ఆపరేషన్ అయినప్పుడు, బతుకుతానో లేదో అని, ఒక్కరికన్నా చూపించాలనుకొన్నాను. ఈ గదిలోనే, ఈ కుర్చీలోనే కూర్చోబెట్టి చూపించినాను. తొమ్మిదేండ్లయింది. చూసి, దాన్ని మళ్ళీ బీరువాలో పెట్టేయమన్నాది. నేను చెప్పేదాకా తీయొద్దు అన్నాది. నిన్న పొద్దున వచ్చి, ఇంగ తియ్యి అన్నాది."

"ఎవరు సార్?"

వరదయ్య రెబెకాకు కాక మునెయ్యకు జవాబు చెప్పాడు. "సిద్ధమ్మ."

మునెయ్య నవ్వబోయినట్టు ముఖం పెట్టాడు. ఆ నవ్వు సగంలోనే పోయింది. తొమ్మిదేళ్ళు. తొమ్మిదేళ్ళ గురువారాలు. ఆమె చేన్లో తవ్విన మడవలు, మోసిన ఎరువు, కొట్టిన కట్టెలు. చెంబుతో నీళ్ళిచ్చి తాగన్నా అన్న ఆ మాట. రెబెకా అవన్నీ అతని కళ్ళ ముందు తిరగడం చూసింది.

మునెయ్య జేబులోంచి బటన్ల ఫోన్ తీశాడు. ముడుచుకోని వేలితో ఒకే అంకె నొక్కి పట్టుకున్నాడు. చెవి సరిగా వినపడదు గనక స్పీకర్ పెట్టుకోవడం అలవాటు. రెండుసార్లు మోగింది.

"ఊ, అన్నా" అన్నది ఆడమనిషి గొంతు. తొందర లేదు అందులో. ఎదురుచూస్తున్న గొంతు.

మునెయ్య ఫోన్‌ను నోటి దగ్గరికి తెచ్చుకున్నాడు.

"చిత్తూర్లో ఉండావా? చూపించినాడా?"

"సూపించినాడు."

"అంతా చూసినావా? తలుపు కాడిదాకా?"

"సూసినాను."

అవతల కోడి ఏదో అరిచింది. సిద్ధమ్మ ఊపిరి తీసుకోవడం ముగ్గురికీ వినిపించింది.

"తలుపు చూసింటే గొళ్ళెం గూడా చూసింటావు. ఆ గొళ్ళెం బయట పెట్టింది నేను, అన్నా. ఎందుకు పెట్టినానో ఫోన్లో చెప్పేది కాదు. ఎదురుగా కూర్చోని చెప్పాల. రా."